దేవుడు చెప్పాడని అనే ముందు

దేవుడు నాకు చెప్పాడు అనే మాట మన సంఘాల్లో తరచుగా వినిపిస్తుంది. మందిరానికి స్థలం కొనేటప్పుడు, పిల్లల పెళ్లి సంబంధం కుదుర్చుకునేటప్పుడు, ఉద్యోగం మారేటప్పుడు ఈ మాట అంటాం. ఒక్కోసారి సంఘం రెండుగా చీలేటప్పుడు రెండు వైపులవారూ ఇదే మాట అంటారు. దేవుడు చెప్పాడన్నాక ఎదుటివారు ఇక నోరెత్తలేరు. ఆ మాటకు అంత బలముంది. అందుకే అంత బాధ్యత కూడా ఉంది. ఆ బాధ్యత ఎంతటిదో జీవితపు చివరి దశలో గ్రహించి, దాన్ని లోకం ముందు ఒప్పుకున్న ఒక మనిషి గురించి ఈ వారం తెలుసుకుందాం. ఆయన వేదాంత పండితుడు కాడు, మిషనరీ కాడు. అమెరికాలో ఫుట్‌బాల్ ఆడిన క్రీడాకారుడు. పేరు రెగ్గీ వైట్.

మనకు ఫుట్‌బాల్ అంటే కాలితో తన్నే ఆట. అమెరికావారు ఆ పేరుతో పిలుచుకునేది వేరే ఆట. కోడిగుడ్డు ఆకారంలో ఉండే బంతిని చేత్తో పట్టుకుని పరుగెడతారు, ఒకరికొకరు విసురుకుంటారు. ఒక్కో జట్టు తరఫున 11 మంది మైదానంలో ఉంటారు. తలకు హెల్మెట్లు, భుజాలకు మందపాటి కవచాలు తొడుక్కుని ఒకరినొకరు ఢీకొంటారు. బంతిని విసిరే ముఖ్య ఆటగాణ్ణి క్వార్టర్‌బ్యాక్ అంటారు. అతని ముందు బలమైన ఆటగాళ్లు గోడలా నిలబడి కాపాడుతుంటారు. ఆ గోడను బద్దలు కొట్టుకుని వెళ్లి, అతడు బంతి విసరకముందే పడగొట్టడాన్ని శాక్ అంటారు. కబడ్డీ చూసేవారికి ఆ పట్టులోని శ్రమ తేలికగానే అర్థమవుతుంది. ఈ పనిలో రెగ్గీ వైట్‌ను మించినవారు ఆ రోజుల్లో లేరు. 6 అడుగుల 5 అంగుళాల ఎత్తు, సుమారు 136 కిలోల బరువు. అంత భారీ మనిషి చిరుతలా పరుగెత్తేవాడు. ఒక్క చేతి ఊపుతో తనంత బరువున్నవాణ్ణి పక్కకు విసిరేసేవాడు.

ఆయన 1961 డిసెంబర్ 19న టెనెసీ రాష్ట్రంలోని చాటనూగ పట్టణంలో ఒక నల్లజాతి కుటుంబంలో పుట్టాడు. అమ్మ, అమ్మమ్మ పెంచారు. చెయ్యి పట్టుకుని మందిరానికి తీసుకెళ్లింది అమ్మమ్మే. లోయి తిమోతికి ఏమి నేర్పిందో, ఆమె ఈ పిల్లవాడికి అదే నేర్పింది. 12 ఏళ్ల వయసులోనే రెగ్గీ తల్లితో తాను రెండు పనులు చేస్తానని చెప్పాడు. ఒకటి ఫుట్‌బాల్ ఆడటం, రెండోది సువార్త చెప్పడం. చాలామంది పిల్లలు ఇలాంటి మాటలు చెప్పి మరిచిపోతారు. రెగ్గీ మరిచిపోలేదు. 17 ఏళ్లు వచ్చేసరికి బాప్టిస్టు సంఘంలో సేవకుడిగా గుర్తింపు పొందాడు. టెనెసీ యూనివర్సిటీ జట్టులో ఆడుతున్న రోజుల్లోనే ఆయనకు మినిస్టర్ ఆఫ్ డిఫెన్స్ అనే ముద్దు పేరు వచ్చింది. ఆ మాటకు రక్షణ మంత్రి అని ఒక అర్థం. మినిస్టర్ అంటే సంఘ సేవకుడు కూడా. మైదానంలో జట్టుకు రక్షణ, వేదిక మీద వాక్యం అన్నమాట. ఆ పేరు ఆయన చనిపోయేవరకూ వెంట వచ్చింది.

చదువయ్యాక మెంఫిస్ నగరానికి చెందిన ఒక జట్టులో కొంతకాలం ఆడి, 1985లో జాతీయ లీగ్‌లోని ఫిలడెల్ఫియా ఈగల్స్ జట్టుకు వచ్చాడు. ఆ ఏడే సారాతో వివాహమైంది. వారికి ఒక కొడుకు, ఒక కూతురు. ఈగల్స్‌కు ఆయన ఆడింది 121 మ్యాచ్‌లు. చేసిన శాక్‌లు 124. అంటే సగటున మ్యాచ్‌కు ఒకటి కన్నా ఎక్కువ. 1987లో ఆటగాళ్ల సమ్మె వల్ల సీజన్ కుదించుకుపోయి ఆయనకు 12 మ్యాచ్‌లే దొరికాయి. వాటిలోనే 21 శాక్‌లు చేసి, ఆ ఏటి ఉత్తమ డిఫెన్స్ ఆటగాడిగా ఎంపికయ్యాడు.

పేరు, డబ్బు వచ్చాక ప్రభువును పక్కన పెట్టేవారిని మనం చూస్తుంటాం. రెగ్గీ అలా చెయ్యలేదు. ఫిలడెల్ఫియాలో పేదలుండే పేటలకు వెళ్లి, వీధి మూలల్లో నిలబడి సువార్త చెప్పేవాడు. అంత పెద్ద ఆటగాడు తమ వీధికి వచ్చాడని జనం గుమిగూడేవారు. పెళ్లికాకుండానే తల్లులు కాబోతున్న అమ్మాయిలకు ఆయన, సారా కలిసి టెనెసీలో ఒక ఆశ్రయ గృహం నడిపారు. మ్యాచ్ ముగిశాక మైదానం మధ్యలో రెండు జట్ల ఆటగాళ్లూ కలిసి మోకరించి ప్రార్థించే అలవాటు ఆ రోజుల్లోనే మొదలైంది. అలా మోకరించినవారిలో రెగ్గీ తరచూ కనిపించేవాడు.

1992 జూన్ 25న ఆయన విశ్వాసానికి ఒక కఠిన పరీక్ష ఎదురైంది. అదే జట్టులో తన పక్కనే నిలబడి ఆడే ప్రాణ స్నేహితుడు జెరోమ్ బ్రౌన్ ఫ్లోరిడాలో కారు ప్రమాదంలో చనిపోయాడు. ఆ సాయంత్రం ఫిలడెల్ఫియాలో బిల్లీ గ్రాహం సువార్త సభ. సభ జరుగుతున్నది ఆ స్నేహితులిద్దరూ కలిసి ఆడిన స్టేడియంలోనే. అప్పటికే సాక్ష్యం చెప్పడానికి ఒప్పుకున్న రెగ్గీ వేదిక ఎక్కి, కన్నీళ్లను అదుపు చేసుకుంటూ, వేలాది జనానికి తన స్నేహితుడి మరణవార్త చెప్పాడు. ఆ రాత్రి ఆయన నోట వచ్చిన సాక్ష్యం వెనుక ఆట లేదు, పేరు లేదు. గాయపడిన గుండె మాత్రమే ఉంది.

ఆ రోజుల్లో ఫుట్‌బాల్ ఆటగాళ్లకు ఒక సంకెల ఉండేది. ఒప్పందం గడువు ముగిసినా తమకు నచ్చిన జట్టుకు స్వేచ్ఛగా వెళ్లే వీలు ఉండేది కాదు. దాని మీద 1992లో లీగ్‌పై వేసిన దావాలో మొదటి పేరు రెగ్గీ వైట్‌దే. 1993లో రాజీ కుదిరి ఆటగాళ్లకు ఆ స్వేచ్ఛ దక్కింది. ఈనాటి ఆటగాళ్లు కోట్లు పలుకుతున్నారంటే దాని వెనుక ఆ దావా ఉంది. ఆ స్వేచ్ఛను వాడుకున్న మొదటి పెద్ద ఆటగాడు కూడా ఆయనే. ఎన్నో నగరాల జట్లు ఎర్ర తివాచీ పరిచి పిలిచాయి. దేవుడు ఎక్కడికి వెళ్లమంటే అక్కడికే వెళతానని రెగ్గీ ప్రకటించాడు. పెద్ద నగరాల్లోని పేద నల్లజాతి పిల్లల మధ్య సేవ చేయాలన్నది తన భారమని కూడా చెప్పాడు. చివరికి 1993 ఏప్రిల్‌లో ఆయన ఎంచుకున్నది గ్రీన్ బే అనే చిన్న ఊరిని. విస్కాన్సిన్ రాష్ట్రంలో, ఎముకలు కొరికే చలిలో, సుమారు లక్ష జనాభా ఉన్న ఊరు అది. నల్లజాతివారు అక్కడ వేళ్ల మీద లెక్కపెట్టేంత మంది. ఆ ఊరి జట్టు ప్యాకర్స్ ఇస్తామన్నది నాలుగేళ్లకు కోటీ 70 లక్షల డాలర్లు.

సహజంగానే జనం నవ్వారు. పెద్ద నగరాల పేదల భారం చిన్న ఊరికెలా తీసుకెళ్లిందని, దేవుడు కూడా ఎక్కువ డబ్బున్న వైపే దారి చూపించాడా అని ఎగతాళి చేశారు. ఒక సరదా సంఘటన కూడా చెప్పుకుంటారు. ఆ జట్టు కోచ్ మైక్ హోమ్‌గ్రెన్ రెగ్గీకి ఫోన్ చేసి, తానే దేవుణ్ణని, గ్రీన్ బేకు వెళ్లమని హాస్యంగా సందేశం రికార్డు చేసి పెట్టాడు. అందరూ నవ్వుకున్నారు. దేవుడే తనను అక్కడికి పంపాడని రెగ్గీ మాత్రం గట్టిగా చెప్పాడు. ఆ మాట మనం గుర్తుపెట్టుకుందాం. మళ్లీ దాని దగ్గరకే వస్తాం.

గ్రీన్ బేలో ఆయన పరిచర్య వ్యర్థం కాలేదు. నల్లజాతి ఆటగాళ్లు వెళ్లడానికి వెనకాడే ఊరికి ఆయన వెళ్లాక మిగతావారూ రావడం మొదలుపెట్టారు. ఆటకు ఆట, ప్రార్థనకు ప్రార్థన సాగింది. 1995 డిసెంబర్‌లో తొడ వెనుక కండరం తీవ్రంగా దెబ్బతింది. ఆపరేషన్ తప్పదని, ఆ సీజన్‌కు ఇక ఆడలేడని జట్టు ప్రకటించింది. ఒక్క మ్యాచ్ తప్పిపోయిందంతే, ఆయన మైదానంలోకి తిరిగి వచ్చాడు. దేవుడే స్వస్థపరిచాడని సాక్ష్యమిచ్చాడు.

1996 జనవరి 8న మరో దెబ్బ తగిలింది. టెనెసీలోని నాక్స్‌విల్ నగరంలో ఆయన సహాయ కాపరిగా ఉన్న ఇన్నర్ సిటీ కమ్యూనిటీ చర్చిని దుండగులు తగలబెట్టారు. గోడల మీద జాతి ద్వేషపు రాతలు రాసి వెళ్లారు. అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో నల్లజాతి వారి మందిరాలు వరుసగా కాలిపోతున్న కాలమది. ఆ వారమే ప్యాకర్స్‌కు కీలకమైన మ్యాచ్ ఉంది. ఈ వార్త విన్న విస్కాన్సిన్ ప్రజలు, వారిలో అత్యధికులు తెల్లవారు, ఎక్కడో దక్షిణాన ఉన్న ఒక నల్లజాతి సంఘం కోసం కానుకలు పంపారు. చిన్నపిల్లలు కూడా తమ దగ్గరున్న చిల్లర పంపారు. ద్వేషం ఒక మందిరాన్ని కాల్చింది. ప్రేమ వెయ్యి మైళ్ల దూరాన్ని దాటి వచ్చింది.

మరుసటి ఏడు, 1997 జనవరి 26న న్యూ ఆర్లీన్స్‌లో సూపర్ బౌల్ ఫైనల్ జరిగింది. ప్యాకర్స్ జట్టు న్యూ ఇంగ్లండ్ పేట్రియాట్స్‌ను 35-21 తేడాతో ఓడించింది. 35 ఏళ్ల రెగ్గీ ఒక్కడే మూడు శాక్‌లు చేశాడు. అధికారిక లెక్కల ప్రకారం ఫైనల్‌లో అంతకు ముందు ఎవరూ అన్ని చేయలేదు. దాదాపు 30 ఏళ్ల తరువాత ఆ చిన్న ఊరికి కప్పు వచ్చింది. దాన్ని ఎత్తి పట్టుకుని ఆయన మైదానం చుట్టూ పరుగెత్తాడు.

విజయ శిఖరం మీద నిలబడినప్పుడే కాలు జారుతుంది. దావీదు జీవితంలో మనం చూసింది ఇదే. 1998 మార్చిలో విస్కాన్సిన్ రాష్ట్ర శాసనసభ రెగ్గీని ప్రసంగించడానికి పిలిచింది. దేవుడు ఒక్కో జాతికి ఒక్కో వరం ఇచ్చాడని చెప్పే ప్రయత్నంలో నల్లవారు, తెల్లవారు, ఆసియావారు, లాటిన్ అమెరికావారు అంటూ ఒక్కో జాతికి ఒక్కో ముద్ర వేసి మాట్లాడాడు. ప్రశంస అనుకుని ఆయన అన్న మాటలు వారికి అవమానంగా తగిలాయి. స్వలింగ సంపర్కుల గురించి మాట్లాడిన తీరు కూడా చాలామందిని నొప్పించింది. దేశమంతా దుమారం లేచింది. దాదాపు ఖాయమనుకున్న టీవీ వ్యాఖ్యాత ఉద్యోగం కూడా చేజారింది. జాతుల గురించి తాను మాట్లాడిన తీరుకు ఆయన తరువాత విచారం తెలిపాడు. నాలుక చిన్న అవయవమే అయినా పెద్ద అడవిని తగలబెట్టగలదని యాకోబు తన పత్రిక 3వ అధ్యాయంలో హెచ్చరిస్తాడు. తన మందిరాన్ని కాల్చిన నిప్పు ఎలాంటిదో తెలిసిన మనిషే, మాటల నిప్పును గమనించుకోలేకపోయాడు. ఆయన్ని ప్రేమించేవారు కూడా ఆ రోజు తల దించుకున్నారు.

ఆట మాత్రం తగ్గలేదు. అదే 1998 సీజన్‌లో 16 శాక్‌లు చేసి మరోసారి ఉత్తమ డిఫెన్స్ ఆటగాడయ్యాడు. తరువాత ఒక ఏడాది విశ్రాంతి తీసుకుని, 2000లో కరోలినా పాంథర్స్‌కు ఆడి శాశ్వతంగా ఆట మానేశాడు. అప్పటికి ఆయన లెక్క 198 శాక్‌లు. లీగ్ చరిత్రలో అదే రికార్డు. 2003లో బ్రూస్ స్మిత్ దాన్ని దాటాడు.

మామూలుగా ఒక క్రీడాకారుడి జీవిత కథ ఇక్కడ ముగుస్తుంది. రెగ్గీ వైట్ కథలో మనకు అసలు పాఠం ఇక్కడే మొదలవుతుంది.

ఆట ఆగిపోయాక చప్పట్లు ఆగిపోయాయి. ఆ నిశ్శబ్దంలో ఆయన తన 20 ఏళ్ల పరిచర్యను తానే తూకం వేసుకున్నాడు. తూకంలో తక్కువగా కనిపించింది. చివరి కాలంలో ఇచ్చిన ఇంటర్వ్యూల్లో దాన్ని దాచుకోకుండా చెప్పాడు. సంఘాలు తనను పిలిచింది వాక్యం తెలిసినవాడినని కాదని, ఫుట్‌బాల్ ఆడేవాడినని మాత్రమేనని, తనను ఒక వస్తువులా వాడుకున్నారని బాధపడ్డాడు. ఆ తప్పును ఇతరుల మీదే నెట్టెయ్యలేదు. తాను కూడా ఆ పిలుపులకు మురిసిపోయానన్నాడు. ఇన్నేళ్లూ ఇతరులు రాసినవి, ఇతరులు చెప్పగా విన్నవి ప్రసంగించానే తప్ప లేఖనాలను తాను సొంతంగా చదువుకోలేదన్నాడు. జనానికి హుషారు ఎక్కించే ఉపన్యాసకుడిగా మారాను కానీ వాక్యం బోధించేవాడిని కాలేకపోయానని ఒప్పుకున్నాడు.

ఇంకొక మాట అన్నాడు. అది అన్నిటికన్నా కష్టమైన ఒప్పుకోలు. దేవుడు చెప్పాడని తాను గతంలో చెప్పిన వాటిలో చాలావాటిని దేవుడు చెప్పనే లేదని, అవి రెగ్గీ కోరుకున్నవేనని అన్నాడు. దేవుడు కొన్ని గురుతులు చూపించాడని నమ్ముతూనే, ఇకమీదట లేఖనంలో చదివితే తప్ప దేవుడు నాతో చెప్పాడని అననని తీర్మానించుకున్నాడు.

గ్రీన్ బేకు దేవుడే పంపాడని ఆయన చెప్పిన మాట ఇప్పుడు గుర్తు చేసుకుందాం. ఆ ఊరికి వెళ్లడం తప్పు కాకపోవచ్చు. అక్కడ ఎంతో మేలు జరిగింది కూడా. మేలు జరిగినంత మాత్రాన మన కోరిక దేవుని స్వరమైపోదు. గెలిచిన కప్పును చూపించి, చూశారా, దేవుడే చెప్పాడని నిరూపణ అయిందని ఆయన అనవచ్చు. అలా అని ఉంటే కాదనేవారు కూడా లేరు. అయినా ఆయన అలా అనలేదు. దేవుని నోట తన మాటలు పెట్టడానికి భయపడ్డాడు. ఆ భయమే జ్ఞానానికి మొదలు.

ఒప్పుకుని ఊరుకోలేదు. వేదిక దిగి విద్యార్థి అయ్యాడు. పిలుపులు తగ్గించుకుని, పాత నిబంధనను మూల భాషలో చదవాలని హీబ్రూ నేర్చుకోవడం మొదలుపెట్టాడు. గంటల తరబడి పుస్తకాల ముందు కూర్చునేవాడు. ఇశ్రాయేలు దేశం కూడా వెళ్లివచ్చాడు. ఆయన ఇలా ధర్మశాస్త్రంలో, హీబ్రూ ఆచారాల్లో మునిగిపోవడం పాత స్నేహితులు కొందరికి అర్థం కాలేదు. ఆయన వెళ్లిన దారిలో ప్రతి మలుపుతో మనం ఏకీభవించనక్కరలేదు. 40 ఏళ్లు దాటాక, అంత పేరు సంపాదించాక, తనకు తెలియదని ఒప్పుకుని అక్షరాలు దిద్దడానికి కూర్చున్న ఆ తగ్గింపును మాత్రం గౌరవించకుండా ఉండలేం.

ఆ చదువు పూర్తి కాలేదు. 2004 డిసెంబర్ 26, క్రిస్మస్ మరునాటి ఆదివారం ఉదయం, నార్త్ కరోలినాలో ఆయన కన్నుమూశాడు. గుండె లయ తప్పింది. సార్కాయిడోసిస్ అనే వ్యాధి ఆయన గుండెకు, ఊపిరితిత్తులకు సోకి ఉంది. నిద్రలో శ్వాస ఆగిపోయే ఇబ్బంది కూడా ఉండేది. వయసు 43. అంతకు వారం ముందే పుట్టినరోజు జరిగింది. మన తూర్పు తీరాన్ని సునామీ ముంచెత్తినది కూడా ఆ రోజే. మన కన్నీళ్లలో మనం ఉన్నాం. అమెరికాలో ఒక ఆటగాడు చనిపోయాడన్న వార్త మనలో ఎందరి చెవిన పడిందో. 2005లో ఈగల్స్, ప్యాకర్స్ రెండు జట్లూ ఆయన వేసుకున్న 92వ నంబరు చొక్కాను ఇక ఎవరికీ ఇవ్వరాదని నిర్ణయించాయి. 2006లో ఫుట్‌బాల్ మహనీయుల జాబితాలో ఆయన పేరు చేర్చారు. ఆ గౌరవాన్ని భార్య సారా అందుకుంది.

దావీదు మందిరం కట్టాలని ఉందన్నప్పుడు నాతాను ప్రవక్త వెంటనే సరేనన్నాడు. యెహోవా నీకు తోడున్నాడు, నీ మనసులో ఉన్నది చెయ్యమన్నాడు. కోరిక మంచిది, కోరినవాడు మంచివాడు, చెప్పినవాడు ప్రవక్త. అయినా అది దేవుని మాట కాదు. ఆ రాత్రే దేవుడు నాతానుతో మాట్లాడి, వద్దన్నాడు. మర్నాడు నాతాను రాజు దగ్గరకు తిరిగి వెళ్లి, నిన్న చెప్పింది మార్చుకున్నాడు (2 సమూయేలు 7వ అధ్యాయం). ప్రవక్తగా తన పరువు పోతుందని ఆలోచించలేదు. దేవుని మాట నిలబడితే చాలనుకున్నాడు. రెగ్గీ వైట్ చివరి దినాల్లో చేసిందీ అదే.

ఈ కథలో మనకూ వాటా ఉంది. ఆయన్ని అలా వాడుకున్నది సంఘమే. మన ఊళ్లలో ఉజ్జీవ సభల పోస్టర్లు చూడండి. సినిమా నటుడు మారుమనసు పొందితే మరుసటి నెలలోనే వేదిక ఎక్కిస్తాం. పేరున్న వ్యక్తి సాక్ష్యం చెబుతాడంటే మైదానం నిండుతుంది. అతనికి వాక్యం నేర్పే ఓపిక మనకుండదు. అతని ముఖం మనకు కావాలి, అతని ఆత్మ ఎదుగుదల మనకు పట్టదు. కొత్తగా నమ్మినవాడికి పెద్ద బాధ్యత అప్పగించవద్దని పౌలు తిమోతికి రాసింది (1 తిమోతి 3:6) ఎందుకో రెగ్గీ జీవితం చూస్తే అర్థమవుతుంది. 17 ఏళ్ల కుర్రవాడికి మైకు ఇచ్చినవారు చాలామంది. పక్కన కూర్చోబెట్టుకుని లేఖనాలు విప్పి చెప్పినవారు ఎంతమంది?

మనం ఏం చేయాలి? బెరయవారు పౌలు అంతటివాడు చెప్పినా లేఖనాలతో సరిచూసుకున్నారు (అపొస్తలుల కార్యములు 17:11). వేదిక మీద ఉన్నది ఎవరైనా మనమూ అలాగే సరిచూసుకుందాం. మనమే మాట్లాడుతున్నప్పుడు ఇంకా జాగ్రత్తగా ఉందాం. నాకు ఇలా అనిపిస్తోంది, నా కోసం ప్రార్థించండి అని చెప్పడంలో చిన్నతనం లేదు. మన కోరికకు దేవుని సంతకం పెట్టడంలోనే ప్రమాదం ఉంది. గతంలో ఎవరి విషయంలోనైనా ఆయన పేరున తొందరపడి మాట్లాడి ఉంటే, నాతానులా వారి ఇంటికి తిరిగి వెళ్లి చెప్పుకుందాం.

రెగ్గీ వైట్ 198 సార్లు ఎదుటి జట్టు ఆటగాణ్ణి పడగొట్టాడు. ఆ రికార్డు ఆయన బతికి ఉండగానే చెరిగిపోయింది. చివరిగా తన గర్వాన్ని తానే పడగొట్టుకున్నాడు. ఏ లెక్కల పుస్తకంలోనూ లేని ఆ గెలుపును దేవుడు మనందరికీ దయచేయును గాక.